పఫ్ రోల్స్ అడుగు ఎందుకు మెత్తబడుతుంది, పొర ఎందుకు విడదు (60 మందికి చెయ్యాలంటే)

చెల్లీ, నీ ప్రశ్న రెండుసార్లు చదివాను. బరంపురంలో మీ మేనల్లుడి ఇరవై ఒకటో రోజు ఫంక్షన్, మీ వదిన వాళ్ళు ఒడియా వాళ్ళు కాబట్టి ఏకోయిశా, పూజ అయ్యాక పదకొండింటికి 60 మందికి టిఫిన్లు, అందులో బేకరీ పఫ్ లాంటి చిన్న రోల్స్ నేనే చేస్తానని ఒప్పుకున్నావు. రెండుసార్లు ట్రయల్ వేస్తే పైన రంగు బాగానే వచ్చింది గాని అడుగు ముద్దలా ఉంది, ట్రేలో బటర్ కారి నిలబడింది, పొరలు విడలేదు, ఇంక మైదా కొలత మార్చాలా లేకపోతే బేకింగ్ పౌడర్ వెయ్యాలా అని అడిగావు. చికెన్ కూడా పెట్టొచ్చా అని చివర్లో అడిగావు.

మైదా జోలికి వెళ్ళకు. బేకింగ్ పౌడర్ అసలే వద్దు. నువ్వు రాసిన కొలతలు బాగానే ఉన్నాయి, తప్పంతా లోపల పెట్టిన కూరలో ఉంది. "కొంచెం గోరువెచ్చగా ఉండగానే చుట్టేశాను" అని రాశావు కదా, ఆ ఒక్క మాటలోనే అంతా ఉంది.

నేను పర్లాకిమిడిలో 18 ఏళ్ళుగా ఇంటి దగ్గరే ఆర్డర్లు చేస్తున్నాను, అంతకుముందు వైజాగ్‌లో ఒక బేకరీలో నాలుగేళ్ళు పనిచేశాను. అక్కడ నేర్చుకున్నదంతా ఏసీ గదిలో పిండి చుట్టడం, ఇక్కడికొచ్చి ఏప్రిల్ నెలలో మామూలు వంటింట్లో చేస్తే ఒక్కటీ పనికిరాలేదు. మొదటి పెద్ద ఆర్డర్ ఒక గృహప్రవేశానికి 100 రోల్స్. బంగాళాదుంప కూర పొయ్యి మీంచి దించి పావుగంట అయిందో లేదో తొందరలో చుట్టేశాను. ఓవెన్ తలుపు తీస్తే రోల్స్ నూనెలో తేలుతున్నట్టు ఉన్నాయి, చేత్తో ఎత్తితే అడుగు ట్రేకే అంటుకుపోయి కూర బయటికొచ్చేసింది. వాళ్ళ ఇంట్లో పీటల మీద జనం కూర్చున్నాక నేను రెండు కేజీల సెనగపిండి తెప్పించి అదే కూరతో బజ్జీలు వేసిచ్చాను. ఆ రోజు నుంచి కూర ఫ్రిజ్‌లో కనీసం నాలుగు గంటలు ఉంటేనే నేను పిండి ముట్టుకుంటాను.

అసలు పొర ఎందుకు విడుద్దో ఒకసారి తెలిస్తే మిగతాదంతా నీకే అర్థమైపోద్ది. పిండి, బటర్, పిండి, బటర్ అని పలచటి పొరలు ఒకదాని మీద ఒకటి ఉంటాయి. ఓవెన్ వేడి తగలగానే పిండిలో ఉన్న నీరు, బటర్‌లో ఉన్న నీరు (బటర్‌లో దాదాపు 16 శాతం నీరే) ఆవిరవుద్ది, నీరు ఆవిరైతే దాదాపు 1600 రెట్లు పెరుగుద్ది, ఆ ఆవిరి బయటికి పోదామని చూస్తే మధ్యలో కొవ్వు పొర అడ్డం ఉంటుంది కాబట్టి పై పిండిని పైకి నెట్టుద్ది. ఈలోగా పిండి ఉడికి గట్టిపడితే ఆ ఖాళీ అలాగే నిలబడిపోద్ది. అంతే. ఇప్పుడు నువ్వు గోరువెచ్చటి కూర పెట్టి చుట్టావనుకో, బటర్ 20 డిగ్రీలు దాటితేనే పేస్టులా అయిపోద్ది, 32 నుంచి 35 మధ్య పూర్తిగా కరిగిపోద్ది, అంటే ఓవెన్‌లోకి వెళ్ళకముందే లోపలి పొరల్లో బటర్ పిండిలోకి ఇంకిపోయింది. ఇంక అడ్డం ఏముంది? ఆవిరి ఊరికే బయటికి పోయింది, కరిగిన బటర్ కిందకి కారింది, కూరలో నీరు అడుగు పిండిని ఉడకబెట్టేసింది. పైన రంగు వచ్చింది ఎందుకంటే పైన కూర తగల్లేదు.

మనకి పొరల పిండి కొత్తేమీ కాదు. తాపేశ్వరం మడత కాజా, పూరీ జగన్నాథుడి ఖాజా, రెండూ పొరలే. మా అమ్మమ్మ కాజాలకి నెయ్యిలో బియ్యప్పిండి కలిపి ముద్ద చేసి పొరపొరకీ రాసేది, ఎందుకమ్మా బియ్యప్పిండి అంటే "ఉత్త నెయ్యి రాస్తే జారిపోద్దే" అనేది. బటర్‌కి నేను అదే చేస్తాను. 350 గ్రాముల బటర్‌లో 35 గ్రాముల మైదా కలిపేసి అప్పుడు పలక చేస్తాను, ఆ మైదా బటర్‌లో నీటిని పట్టుకుని కొంచెం మెత్తబడ్డా జారిపోకుండా ఆపుద్ది. మన ఎండలకి ఇది చాలా అవసరం.

కొలత ఇది. మైదా 500 గ్రాములు, ఉప్పు 10 గ్రాములు, కరిగించిన బటర్ 30 గ్రాములు, నిమ్మరసం ఒక టీస్పూన్, ఫ్రిజ్‌లోని చల్లటి నీళ్ళు 250 నుంచి 260 మిల్లీలీటర్లు. ఉప్పున్న బటర్ దొరికితే పిండిలో ఉప్పు సగం చెయ్యి. చపాతీ పిండిలా మర్దించకు, ముద్ద కలిసిందంటే ఆపెయ్యి, మిగతా మర్దన అప్పడాల కర్రే చేసుకుంటుంది. నిమ్మరసం ఎందుకంటే పిండి సాగదీసినప్పుడు వెనక్కి లాగకుండా ఉంటుంది. పైన చెప్పిన 350 గ్రాముల బటర్ దీనికి సరిపోద్ది. ఈ 500 గ్రాముల మైదాకి 5 సెంటీమీటర్ల రోల్స్ 60 వస్తాయి, నీకు మనిషికి రెండు చొప్పున 120 కావాలి కాబట్టి ఇలాంటివి రెండు ముద్దలు, రెండూ విడివిడిగా కలుపు. కేజీ మైదా ఒకేసారి కలిపితే ఇంటి గట్టు మీద తిప్పలేవు, ఈ చివర ఒత్తేసరికి ఆ చివర కరిగిపోయి ఉంటుంది.

డాల్డా వాడొచ్చా, బేకరీ మార్జరిన్ వాడొచ్చా అని నువ్వు అడగలేదు గాని ఎవరో ఒకరు చెప్తారు కాబట్టి ముందే రాస్తున్నా. బేకరీల్లో పఫ్‌కి వాడే మార్జరిన్ 40 డిగ్రీల దాకా గట్టిగా ఉంటుంది, అందుకే వాళ్ళకి ఎండాకాలంలో కూడా పొరలు వస్తాయి. కానీ అది నోట్లో కూడా అంత తొందరగా కరగదు, తిన్నాక అంగిట్లో మైనం అంటుకున్నట్టు ఉంటుంది. ఒకప్పుడు ట్రాన్స్ ఫ్యాట్ భయం కూడా ఉండేది, 2022 జనవరి నుంచి మన దేశంలో నూనెల్లో, కొవ్వుల్లో అది 2 శాతం దాటకూడదని రూలు ఉంది కాబట్టి మంచి కంపెనీది అయితే అది పాతరోజుల్లో అంత కాదు. అయినా ఇంట్లో పసిబిడ్డ ఫంక్షన్‌కి, పెద్దవాళ్ళు తినేదానికి నేనైతే బటరే వాడతాను. డాల్డాలో నీరు దాదాపు ఉండదు, పొర విడుద్ది గాని రుచి ఉండదు.

ఇప్పుడు మడతలు, అంటే పిండి మధ్యలో బటర్ పలక పెట్టి మూసేసి, ఒత్తి మూడు పొరలుగా మడవడం. పుస్తకాల్లో ఆరు మడతలు అని ఉంటుంది, మూడేసి చొప్పున ఆరుసార్లు అంటే 729 పొరలు. ఏసీ ఉన్న హోటల్ కిచెన్‌కి అది బాగానే ఉంటుంది. బరంపురం వంటింట్లో మడత మడతకీ బటర్ వేడెక్కుద్ది, సముద్రం గాలికి గట్టు చెమర్చుద్ది, ఐదో మడతకి వచ్చేసరికి పొరలన్నీ కలిసిపోతాయి. నాలుగు మడతలతో ఆపెయ్యి, 81 పొరలు, రోల్‌కి అవి చాలు, పైగా పొర కొంచెం మందంగా కనిపించి కరకరలాడుద్ది. రెండు మడతలు వేసి 30 నిమిషాలు ఫ్రిజ్, మళ్ళీ రెండు వేసి ఫ్రిజ్‌లో రాత్రంతా.

తెల్లవారుజామున 4 గంటలకి లేచి చెయ్యి. నేను ఎండాకాలంలో ఎప్పుడూ అదే టైం, ఆరున్నరకల్లా పొయ్యి వెలిగించకముందే పిండి పని అయిపోవాలి. గట్టు మీద ఒక స్టీలు పళ్ళెంలో ఐసు ముక్కలు పోసి పది నిమిషాలు ఉంచి, పళ్ళెం తీసి, పొడి గుడ్డతో తుడిచి వెంటనే పిండి వెయ్యి. తుడవడం మర్చిపోవద్దు, ఐసు తీసిన చోట నీళ్ళు చెమర్చి ఉంటాయి, ఆ తడికి పిండి అంటుకుని పై పొర చిరుగుద్ది. బటర్ పలక సరిగ్గా ఉందో లేదో ఎలా తెలుస్తుంది అంటే రెండు చేతులతో అంచు పట్టుకుని మెల్లగా వంచు. తోలు బెల్టులా వంగాలి. టక్కున విరిగితే ఇంకా చల్లగా ఉంది, ఐదు నిమిషాలు ఆగు, విరిగిన బటర్‌తో చుడితే లోపల ముక్కలు ముక్కలుగా ఉండి పిండిని చీల్చేస్తుంది. వేలి గుర్తు పడి మెరుస్తుంటే వేడెక్కింది, మళ్ళీ ఫ్రిజ్. మధ్యలో ఎక్కడైనా పిండి చిరిగి బటర్ పైకొస్తే కంగారు పడకు, అక్కడ కాస్త పొడి మైదా అద్ది, 20 నిమిషాలు ఫ్రిజ్‌లో పెట్టి అప్పుడు కొనసాగించు.

ఇంక అసలు సంగతి, కూర. రోల్స్ పాడైనవి నేను ఎన్ని చూశానో, పదింటిలో ఎనిమిది కూర వల్లే.

కూరలో నీరు ఉండకూడదు. వేపుడులా ఉండాలి గాని ముద్ద కట్టాలి, అది కొంచెం చూసుకుని చెయ్యాలి. నా పరీక్ష ఇదీ, మూకుట్లో కూర ఒక పక్కకి తోసి గరిటతో అడుగున గీత గీస్తాను. ఆ గీతలోకి నీరు గాని నూనె గాని చేరితే ఇంకా అవలేదు. చేరకపోతే దించి, వెడల్పు పళ్ళెంలో పలచగా పరిచేస్తాను, ఫ్యాన్ కింద ఆరనిచ్చి గంటలోపే ఫ్రిజ్‌లోకి. గిన్నెలో గుట్టగా వదిలేస్తే లోపల గంటల తరబడి వేడిగానే ఉంటుంది, ఆ ఆవిరి మళ్ళీ నీరై కూరలోకే దిగుద్ది, పైగా ఈ వేడికి కూర పాడయ్యేది కూడా అలాగే. నాలుగు గంటలాగి ఒక చెంచాడు కూర తీసి టిష్యూ పేపర్ మీద పెట్టి నొక్కు, పేపర్‌కి తడి వలయం వస్తే అందులో వేయించిన అటుకుల పొడి గాని రస్కు పొడి గాని కేజీకి రెండు మూడు చెంచాలు కలుపు. మా ఇంట్లో మినప వడియాలు వేయించి నలిపి వేస్తాం, మీ వదిన వాళ్ళింట్లో బడి ఉంటుంది కదా, అవీ మినప వడియాల్లాంటివే, వేయించి చిదిమేసి కలిపితే నీరూ పీల్చుద్ది, కొరికినప్పుడు కరకర కూడా తగులుద్ది. ఇది నేను ఒక ఒడియా పక్కింటావిడ దగ్గర బడిచూరా (బడి నలిపి చేసేది) తిని అక్కడ్నించి పట్టుకున్నాను.

నీకు ఏ కూరలు పెట్టాలంటే, 120లో సగం, అంటే 60, బంగాళాదుంపే పెట్టు, అందరూ తింటారు. బంగాళాదుంపలు కేజీంపావు, ముందురోజు ఉడికించి తొక్క తియ్యకుండా ఫ్రిజ్‌లో పెట్టి మర్నాడు చేత్తో చిదిమితే జిగురు రాదు. పంచఫుటణ పోపు పెట్టు, జీలకర్ర, ఆవాలు, సోంపు, మెంతులు, నల్ల జీలకర్ర, ఇది బరంపురంలో ప్రతి కిరాణా కొట్లో కలిపే ఉంటుంది. పచ్చిమిర్చి, అల్లం, బఠాణీ ఒక 200 గ్రాములు, పలాస జీడిపప్పు బద్దలు ఒక గుప్పెడు. ఉల్లి, వెల్లుల్లి లేకుండా చెయ్యి. పూజ ఇంట్లో పెద్దవాళ్ళు చాలామంది ఆ రోజు ఉల్లి తినరు, సోమవారం, గురువారం అసలు ముట్టనివాళ్ళు ఉంటారు, ఇక కార్తీకమాసం అయితే ఒడియా ఇళ్ళల్లో నెలంతా నీచు మానేస్తారు, చివరి ఐదు రోజులు పంచుకా అయితే చెప్పక్కర్లేదు. ఉల్లి లేని ట్రే ఉందని ముందే చెప్తే వాళ్ళు ఎంత సంతోషపడతారో నేను చూశాను, ఒక ముసలావిడ నా చెయ్యి పట్టుకుని "నా కోసం కూడా చేశావా తల్లీ" అంది.

తర్వాత 30 పనసపొట్టు. ఇది నా సొంతం, ఆర్డర్లలో జనం మళ్ళీ మళ్ళీ అడిగేది ఇదే. ఇప్పుడు లేత పనసకాయలు వచ్చే రోజులే కదా, మార్కెట్లో పొట్టు కొట్టి అమ్ముతారు, 750 గ్రాములు తీసుకో. పసుపు, ఉప్పు, చింతపండు పులుసు కొంచెం వేసి ఉడికించి, చల్లారాక గుడ్డలో కట్టి పిండు. గట్టిగా పిండు, రెండు చేతులతో మెలిపెట్టి, చుక్క కారడం ఆగేదాకా. తర్వాత ఎండుమిర్చి, సెనగపప్పు, మినపప్పు పోపులో పొడిపొడిగా వేయించు. ఆవపిండి మామూలుగా మనం పొయ్యి కట్టేశాక కలుపుతాం కదా, ఆ ఘాటు వేడికి ఎగిరిపోద్ది కాబట్టి. రోల్‌లో అది మళ్ళీ అరగంట ఓవెన్‌లో ఉంటుంది, సగం ఘాటు పోద్ది, అందుకని నువ్వు ఇంట్లో కూరకి వేసేదానికి రెట్టింపు వెయ్యి, అదీ కూర పూర్తిగా చల్లారాకే కలుపు. నీళ్ళతో నూరకు, ఒక చెంచా నువ్వుల నూనెతో కలుపు.

మిగతా 30 చికెన్ పెట్టొచ్చు, తప్పేం లేదు, కానీ మీ వదిన వాళ్ళింట్లో పెద్దవాళ్ళని ఒక మాట అడుగు, పూజ అదే ఇంట్లో అయితే కొంతమంది ఒప్పుకోరు. ఒప్పుకుంటే కీమా 700 గ్రాములు, ఉల్లిపాయలు 250, ముందే పూర్తిగా ఉడికించి పొడిపొడిగా వేయించి వాడు. ఇంగ్లీషు వాళ్ళ సాసేజ్ రోల్‌లో పచ్చి కీమా పెడతారు, చుట్టి కాలిస్తే లోపల ఉడుకుద్ది, కానీ అందులోంచి కారే నీరు, కొవ్వు అంతా అడుగు పిండికే, మన వేడిలో అది నేను ఎవరికీ చెప్పను. ఈ ట్రేకి వేరే బ్రష్, వేరే చాకు, వేరే బటర్ పేపర్. ఒప్పుకోకపోతే పాల చత్తు పెట్టు, గడ్డి పుట్టగొడుగులు, వేడిగా ఉన్న రోజుల్లో బరంపురం మార్కెట్లో తాజాగా వస్తాయి. కానీ పుట్టగొడుగంత నీరు వదిలేది ఇంకేదీ ఉండదు, కేజీ వేస్తే అరకేజీ కూడా మిగలదు, పెద్ద మంట మీద మూత పెట్టకుండా వేయించు, నీరంతా వచ్చి, ఆ నీరంతా ఇగిరి, మూకుడు చిటపటలాడేదాకా ఆగు, అప్పుడు మిరియాలపొడి.

ఉడికించిన గుడ్డు పెట్టిన రోల్స్ మాత్రం ఈ ఫంక్షన్‌కి వద్దు. ఎందుకంటే నువ్వు ముందే చుట్టి ఫ్రీజర్‌లో పెట్టాలి, ఉడికిన తెల్లసొన ఫ్రీజ్ చేస్తే రబ్బరైపోద్ది, నీరు కక్కుద్ది.

చుట్టడం తేలికే. ఒక ముద్దని నాలుగు ముక్కలు చెయ్యి, ఒక్కటి బయట, మూడు ఫ్రిజ్‌లో. ఆ ముక్కని 3 మిల్లీమీటర్ల మందాన 30 సెంటీమీటర్ల పొడుగు, 27 వెడల్పు ఒత్తు, అంచులు పదునైన చాకుతో కోసెయ్యి, అంచు మడత ఉన్నచోట పొర విడదు. 10 సెంటీమీటర్ల పట్టీలు మూడు వస్తాయి. పట్టీ మధ్యలో కాదు, ఒక అంచుకి కాస్త ఇవతల కూర వేలు లావున పొడుగ్గా పరుచు, అవతలి అంచుకి నీళ్ళ తడి సన్నగా రాయి, చుట్టి అతుకు కిందకి వచ్చేట్టు పెట్టు. ఒక్కో పట్టీకి ఐదు ముక్కలు, అంటే ముక్కకి 15 రోల్స్, సరిగ్గా చిన్న ఓటీజీ (ఇంట్లో వాడే కరెంటు ఓవెన్) ట్రేకి సరిపోయేవి. రోల్‌కి కూర 20, 22 గ్రాములు చాలు. ఎక్కువ కూర పెడితే పెద్ద మనసు అనుకుంటాం గాని అతుకు విచ్చుకుని కారిపోద్ది. కోసేటప్పుడు చాకుని రంపంలా ముందుకీ వెనక్కీ లాగకు, పైనుంచి ఒక్క నొక్కు. పైన రెండు గాట్లు, పై పొర తెగేంత, అందులోంచి కూర ఆవిరి పోద్ది.

పైన గుడ్డు రాస్తావా పాలు రాస్తావా అది నీ ఇష్టం, పూజ ఇల్లు కాబట్టి పాలల్లో ఒక చెంచా మీగడ కలిపి రాయి, రంగు కొంచెం తక్కువ వస్తుంది అంతే. ఏది రాసినా కోసిన పక్కలకి కారనివ్వద్దు. కారిందంటే పొరల అంచులు జిగురులా అంటుకుపోయి ఆ పక్క లేవదు, రోల్ ఒక వైపుకి ఒరిగిపోద్ది. బ్రష్ గిన్నె అంచుకి తుడిచి పైన మాత్రమే. ఏ కూర ఏదో తెలియడానికి బంగాళాదుంపకి నువ్వులు, పనసకి నల్ల జీలకర్ర, మూడోదానికి ఏమీ వద్దు, వడ్డించేవాళ్ళకి నువ్వు చెప్పక్కర్లేకుండానే తెలిసిపోద్ది.

ఫంక్షన్ ఆదివారం అనుకుని రోజులు ఇలా పెట్టుకో. గురువారం పిండి కలిపి, శుక్రవారం తెల్లవారుజామున నాలుగు మడతలు, సాయంత్రం కూరలన్నీ. శనివారం తెల్లవారుజామున చుట్టి, ట్రేలో ఒకదానికొకటి తగలకుండా పెట్టి ఫ్రీజర్‌లో పెట్టు, గట్టిపడ్డాక డబ్బాల్లోకి మార్చుకో. పైన పాలు రాయడం మాత్రం కాల్చేముందే. శనివారం సాయంత్రం కాలవైశాఖి (ఎండాకాలపు గాలివాన) వచ్చి కరెంటు పోయినా ఫ్రీజర్ తలుపు తియ్యకుండా ఉంచితే రాత్రంతా ఏమీ కాదు, నిండుగా ఉన్న ఫ్రీజర్ చాలా గంటలు చల్లగా నిలబడుద్ది. ఆదివారం ఫ్రీజర్‌లోంచి నేరుగా ఓవెన్‌లోకి, కరగనివ్వకు. ఇదే మన ఎండకి పెద్ద వరం, రోల్ గడ్డకట్టి ఉంటే బటర్ కరిగేలోపే పై పిండి నిలబడిపోద్ది.

ఓవెన్ 220 పెట్టి కనీసం 20 నిమిషాలు వేడెక్కనివ్వు, లైటు ఆరింది కదా అని వెంటనే పెట్టకు, చిన్న ఓటీజీల్లో లైటుకీ లోపలి వేడికీ చాలా తేడా ఉంటుంది, 300 రూపాయలో ఎంతో పెట్టి లోపల వేలాడదీసే థర్మామీటర్ కొనుక్కుంటే జీవితాంతం పనికొస్తుంది. ఖాళీ ట్రే లోపలే ఉంచి వేడెక్కించు. రోల్స్ బటర్ పేపర్ మీద సర్దుకుని ఆ పేపర్‌తో సహా వేడి ట్రే మీదకి జార్చు, అడుగు వెంటనే చుయ్ మంటుంది, నీ మెత్తటి అడుగుకి సగం మందు ఇదే. కింది అరలో పెట్టు, రెండు కాయిల్స్ వెలిగేట్టు. మొదటి 15 నిమిషాలు తలుపు తియ్యొద్దు. తర్వాత 190కి తగ్గించి ఇంకో 12 నుంచి 15. రంగు చూసి తీసెయ్యకు, బేకరీ పఫ్ లేత బంగారు రంగులో ఉంటుంది గాని ఇంట్లో చేసినది ఇంకొంచెం ముదరాలి. ఒక రోల్ పట్టకారుతో ఎత్తి అడుగు చూడు, గోధుమ రంగు వచ్చి, గోరుతో తడితే టకటకమని పొడి చప్పుడు రావాలి. తెల్లగా మచ్చలుంటే ఇంకో ఐదు నిమిషాలు.

ఒక ట్రేకి అరగంట అంటే 8 ట్రేలకి నాలుగు గంటలు. ఐదున్నరకి మొదలుపెడితే తొమ్మిదిన్నరకి అవుద్ది. తెలిసినవాళ్ళది ఇంకో ఓటీజీ తెచ్చుకుంటే సగం టైం, కానీ రెండూ ఒకే ఎక్స్‌టెన్షన్ బోర్డుకి పెట్టకు, ఒక్కోటీ 1500 వాట్ల పైన లాగుద్ది, వేరువేరు పెద్ద సాకెట్లకి పెట్టు. మా ఊళ్ళో అయితే పెద్ద ఆర్డర్లకి నేను బేకరీ భట్టీలో కాల్పించుకుంటాను, ఉదయం బ్రెడ్ దించాక భట్టీలో వేడి మిగిలే ఉంటుంది, ట్రేకి ఇంత అని తీసుకుని కాల్చిస్తారు. బరంపురంలో కూడా మీ వీధి బేకరీలో అడిగి చూడు, అక్కడ రోల్స్‌ని ప్యాటీస్ అని చెప్పు, వెంటనే అర్థమవుద్ది. భట్టీలో అయితే టైం లెక్క పనిచెయ్యదు, 12 నిమిషాలకే చూడమని చెప్పు.

ముందు కాల్చినవి జాలీ స్టాండ్ మీద ఆరనివ్వు, పళ్ళెంలో గుట్టగా పొయ్యకు. పదిన్నరకి 170లో 6, 7 నిమిషాలు మళ్ళీ పెడితే అప్పుడే కాల్చినట్టు ఉంటాయి. మైక్రోవేవ్‌లో పెడితే తోలైపోతాయి.

వేడిగా ఉండాలని హాట్ బాక్సులో మాత్రం పెట్టొద్దు. ఇంత కష్టపడి లోపల నీరు లేకుండా చేసి చివరికి మూత పెట్టేస్తే పావుగంటలో రోల్ ఆవిరి రోల్‌కే పట్టి మెత్తగా వడలిపోద్ది. వెడల్పు వెదురు చాటలో పేపర్ పరిచి ఒక వరసగా పేర్చి, పైన పలచటి నూలు గుడ్డ కప్పు. చికెన్ ఉంటే అది వడ్డించాక ఈ ఎండలో గంటకన్నా బయట ఉంచొద్దు, మిగిలితే ఫ్రిజ్‌లోకి.

ఒక పని చెయ్యి చెల్లీ, ఫంక్షన్‌కి ముందు ఇంకో ట్రయల్‌గా ఈ శనివారమే 250 గ్రాముల మైదాతో సగం ముద్ద కలిపి 15 బంగాళాదుంపవి చుట్టి ఫ్రీజ్ చేసి ఆదివారం కాల్చు, మిగతా పిండి ఫ్రీజర్‌లో దాచుకో. ఒక రోల్ అడ్డంగా కోసి లోపలిది, ఇంకోటి తిరగేసి అడుగుది, రెండు ఫోటోలు పెట్టు. చూసి ఓవెన్ వేడి సరిపోయిందో లేదో చెప్తాను.